రాత్రి నాలుగున్నరకి అది ఎక్కడ పడుకుంది? ఒక బియర్డెడ్ డ్రాగన్ కేసు

2021 జనవరిలో, ఉత్తర టెక్సాస్‌లో, డాలస్ చుట్టుపక్కల ఉండే ఒక తెలుగు కుటుంబం తాము పెంచుకునే బియర్డెడ్ డ్రాగన్ అనే తొండలాంటి జంతువుని నా దగ్గరికి తెచ్చిన కేసు ఇది. వాళ్ళ అనుమతితోనే రాస్తున్నాను. మనుషుల్ని గుర్తుపట్టే వివరాలు తీసేశాను, కొన్ని మార్చాను. ఉష్ణోగ్రతలన్నీ ఫారెన్‌హీట్‌లో ఉంటాయి, ముఖ్యమైన చోట సెల్సియస్ కూడా ఇస్తాను.

నేను పశువైద్యం చదువుకున్నది మన దగ్గరే. కాలేజీలో ఆవులు, గేదెలు, గొర్రెలు, కోళ్ళు. సరీసృపాల వైద్యం ఇక్కడికి వచ్చాకే నేర్చుకున్నాను. అలా నేర్చుకున్నవాటిలో ఈ కేసు నేర్పింది నాకు బాగా గుర్తుండిపోయింది.

నేపథ్యం

బియర్డెడ్ డ్రాగన్ మనకి మరీ కొత్త జంతువేమీ కాదు. కంచెల మీద, పొలం గట్ల మీద తల ఎగరేస్తూ కనిపించే మన తొండకి దగ్గర చుట్టం, రెండూ ఒకే కుటుంబం. తొండ సన్నగా ఉంటుంది. ఇది వెడల్పుగా, బల్లపరుపుగా ఉంటుంది. బెదిరినా కోపమొచ్చినా గొంతు కింద చర్మం ఉబ్బించి నల్లగా చేస్తుంది, గడ్డం పేరు అందుకే వచ్చింది. సొంత నేల ఆస్ట్రేలియా లోపలి ఎండు భూములు. అమెరికాలో అమ్మేవి బోనుల్లో పుట్టి పెరిగినవే.

ఒంట్లో వేడి పుట్టించుకునే శక్తి దానికి లేదు. పగలు ఎండ కాచుకుని ఒంటిని దాదాపు 95 డిగ్రీలకి (35 సెల్సియస్) తెచ్చుకుంటుంది. తిన్నది అరగాలన్నా, రోగంతో పోరాడాలన్నా, మనమిచ్చిన మందు సరిగ్గా పనిచేయాలన్నా ఆ వేడి కావాలి. అందుకే ట్యాంకులో ఒక చివర వేడిగా, ఇంకో చివర చల్లగా ఉంచి ఎక్కడ ఉండాలో దాన్నే ఎంచుకోనిస్తాం. దీపం కింద అది పడుకునే కొమ్మ పైభాగం 100 నుంచి 110, చల్లని చివర 75 నుంచి 85. రాత్రి దీపాలన్నీ ఆరాక 65 నుంచి 75 (18 నుంచి 24 సెల్సియస్) ఉంటే పెద్దవాటికి చాలు. రాత్రి చల్లబడటం దానికి సహజం, ఆస్ట్రేలియా ఎడారిలో కూడా రాత్రులు చల్లగానే ఉంటాయి. ఆ చల్లదనం ఎంతవరకు అన్నదే ప్రశ్న.

ఈ కేసులోది మూడేళ్ళ మగది. పన్నెండేళ్ళ పిల్లవాడి గదిలో, మేడ మీద, 40 గ్యాలన్ల గాజు ట్యాంకులో ఉండేది. పైన ఇనుప జాలీ మూత. ట్యాంకు ఒక చివర కిటికీకి ఆనుకుని ఉందన్న సంగతి నాకు మొదట తెలియదు. 2020 అక్టోబరులో ఏడాది చెకప్‌కి వచ్చినప్పుడు 412 గ్రాములు తూగింది, ఆరోగ్యంగా ఉంది.

ఏమని తెచ్చారు

కోవిడ్ రోజులు. మా క్లినిక్‌లోకి జంతువుకే ప్రవేశం. యజమానులు పార్కింగ్‌లో కారులోనే కూర్చుంటే ఫోన్లో మాట్లాడేవాళ్ళం. జనవరి రెండో వారంలో తల్లీ కొడుకూ వచ్చారు.

"మూడు వారాల్నుంచి తినట్లేదండీ డాక్టరుగారూ. ఎప్పుడూ పడుకునే ఉంటోంది. నెట్‌లో చూస్తే చలికాలం నిద్ర అన్నారు, అలాగే వదిలేశాం. మొన్న తిన్న పురుగుని తిన్నట్టే కక్కేసింది. భయమేసి తీసుకొచ్చాం."

బరువు 356 గ్రాములు. అక్టోబరు నుంచి దాదాపు 14 శాతం తగ్గింది. కళ్ళు కొంచెం లోపలికి పోయాయి, నోరు జిగటగా ఉంది, అంటే ఒంట్లో నీరు తగ్గింది. ముక్కులో చీమిడి లేదు, ఊపిరి శుభ్రంగా ఉంది. తిప్పి చూస్తే పొట్ట మీద రూపాయి బిళ్ళంత మేర పొలుసులు గోధుమరంగుకి తిరిగి, అంచుల్లో తడిగా ఉన్నాయి. కాలిన గాయం.

అప్పుడు అడిగితే ఒక్కొక్కటే చెప్పారు. కరెంటు బిల్లు చూసి నవంబరు నుంచి రాత్రిళ్ళు ఇంటి హీటరు 62కి దించుతున్నారు. దానికి చలి వేస్తుందేమోనని దుకాణంలో అడిగితే రాత్రికి ఎర్ర బల్బు ఇచ్చారు. బల్బు పెట్టాక అది సరిగ్గా నిద్రపోవడం లేదనిపించి, డిసెంబరు చివర్లో వేడెక్కే రాయి తెచ్చారు. కరెంటుతో నడిచే ఆ కృత్రిమ రాయికి వేడిని అదుపులో ఉంచే థర్మోస్టాట్ ఏమీ లేదు.

మొదటి నిర్ణయాలు, వాటి వెనక ఆలోచన

తేల్చుకోవాల్సిన మొదటి విషయం, ఇది చలికాలపు నిద్రా, జబ్బా అన్నది. ఈ జాతిలో పెద్దవి చలికాలంలో వారాల తరబడి, ఒక్కోసారి నెలల తరబడి నిద్రపోవడం మామూలే. కానీ అలా నిద్రపోయే జంతువు పెద్దగా బరువు తగ్గదు. పొట్ట ఖాళీ చేసుకున్నాకే నిద్రకి వెళుతుంది. ఇది 14 శాతం తగ్గింది, రాత్రి మెలకువగా ఉంటోంది, అరగనిది కక్కుతోంది. మూడూ నిద్రకి వ్యతిరేక సాక్ష్యాలే. ఎక్స్‌రేలో ఎముకలు గట్టిగా ఉన్నాయి, అడ్డం పడ్డది ఏమీ లేదు. పొట్టలో పాత తిండి, గ్యాస్ కనిపించాయి.

మలంలో నులిపురుగుల గుడ్లు కొన్ని ఉన్నాయి. మందు వేద్దామా అన్న ఆలోచన వచ్చింది, ఆపేశాను. ఆ పురుగులు ఈ జాతిలో తరచూ ఉండేవే, సంఖ్య తక్కువే. నీరు తగ్గి, చల్లబడి ఉన్న ఒంటికి అప్పుడే ఇంకో భారం ఎందుకనుకున్నాను. బలవంతంగా తిండి పట్టించడం కూడా మానేశాను. అరగని పొట్టలోకి ఇంకా కూరితే లోపల కుళ్ళుతుంది. ముందు వేడి, తర్వాత నీరు, ఆ తర్వాతే తిండి. ఈ వరస తప్పితే మంచి మందు కూడా కీడు చేస్తుంది.

గాయం పైపైనే ఉంది, వాసన లేదు, చీము లేదు. అందుకని సిల్వర్ సల్ఫాడయాజిన్ లేపనం, నొప్పికి మెలాక్సికామ్, అడుగున ఇసుక బదులు పేపర్ టవల్. యాంటీబయాటిక్ ఇవ్వలేదు. చర్మం కింద సెలైన్ ఎక్కించి, మా ఇంక్యుబేటర్లో మెల్లగా వేడి చేసి సాయంత్రానికి పంపించాం.

రాయి, ఎర్ర బల్బు రెండూ తీసేయమన్నాను. రాయి ఎందుకంటే, ఈ జంతువు వేడిని పైనుంచి తీసుకునేలా పుట్టింది. పొట్ట కింద కాలుతున్నా చాలాసార్లు పక్కకి జరగదు, అందులోనూ చుట్టూ చలిగా ఉంటే అసలే వదలదు. సరీసృపాలకి ఎరుపు కనపడదని అమ్మేవాళ్ళు చెబుతుంటారు. కనపడుతుంది. పైగా వెలుతురుని పసిగట్టే మూడో కన్ను ఒకటి దాని నడినెత్తిన ఉంటుంది. రాత్రంతా ఎర్ర దీపం కింద ఉంచడమంటే దానికి రాత్రి లేకుండా చేయడమే.

బదులుగా సిరామిక్ హీట్ ఎమిటర్ పెట్టమన్నాను. వెలుతురు లేకుండా వేడి మాత్రమే ఇచ్చే పింగాణీ బల్బు అది. 100 వాట్లది, థర్మోస్టాట్‌తో. రాత్రికి 75 పెట్టమన్నాను. పగలు కొమ్మ దగ్గర ఎంత ఉంటోందని అడిగితే గోడకి అతికించిన గుండ్రటి థర్మామీటరు 95 చూపిస్తోందన్నారు. సరే అనుకున్నాను.

ఆ "సరే" నా తప్పు. రెండో తప్పు, థర్మోస్టాట్ వైరు కొసన ఉండి వేడిని కొలిచే ప్రోబ్ ఎక్కడ పెట్టాలో చెప్పకపోవడం.

ఏది పనిచేయలేదు

తొమ్మిది రోజులకి మళ్ళీ తూచాం. 351 గ్రాములు. గాయం మానుముఖం పట్టింది, నీరు నిలబడింది, కానీ అది తినట్లేదు. థర్మోస్టాట్ తెర మీద ప్రతి రాత్రీ 75 ఉంటోందని తండ్రి ఫొటోలు తీసి పంపారు. ఆయన ఎంతో శ్రద్ధగా చేశారు. లెక్క ప్రకారం రాత్రి బాగుంది. జంతువు మాత్రం బాగాలేదు.

రక్త పరీక్షలు, స్కానింగ్ అంటూ ఇంకా లోతుకి వెళ్ళే దారి ఒకటి ఎదురుగా ఉంది. దాదాపు అటే వెళ్ళేవాడిని. దానికి ముందు ఒకసారి ట్యాంకుని కళ్ళారా చూద్దామని మర్నాడు వీడియో కాల్ పెట్టమన్నాను. ఆ కాల్‌లోనే పిల్లవాడి అమ్మమ్మగారితో మొదటిసారి మాట్లాడాను. ఆరు నెలలకని 2020 మొదట్లో వచ్చి, విమానాలు ఆగిపోవడంతో ఉండిపోయిన మనిషి. మనవడి గదిలోనే పడుకుంటారు, నాలుగున్నరకల్లా లేస్తారు.

"అదెప్పుడూ ఆ దీపం వైపు పడుకోదు బాబూ. ఆ ఎర్ర దీపం పెట్టిన రోజు నుంచీ ఇదుగో, ఈ కిటికీ మూలకొచ్చి చెక్క వెనకాల నక్కుతుంది. దీపం తీసేసినా ఇక్కడికే వస్తోంది. పొద్దున్నే చూస్తే ఒళ్ళంతా నల్లబడి ఉంటుంది. ఆ అద్దం ముట్టుకుంటే జివ్వుమంటోంది."

రెండు నెలలుగా ప్రతి తెల్లవారుజామునా ఆవిడ చూస్తున్నారు. నేను అడగలేదు. అడిగే వీలు కారు దగ్గర ఫోన్‌కి లేదు. ఒళ్ళు నల్లబడటం చిన్న గుర్తు కాదు. చల్లబడ్డ బియర్డెడ్ డ్రాగన్ తొలి వెలుతురులోంచి ఎక్కువ వేడి పీల్చుకోవడానికి చర్మం ముదురు రంగుకి తెచ్చుకుంటుంది.

గంటగంటకీ ఉష్ణోగ్రతని నమోదు చేసే చిన్న లాగర్ ఒకటి ఇచ్చి పంపి, ఆ చెక్క వెనకాలే పెట్టమన్నాను. తెల్లవారుజామున 58 డిగ్రీలు, అంటే 14 సెల్సియస్. అదే సమయంలో థర్మోస్టాట్ తెర మీద 75. ప్రోబ్ ఎమిటర్ కిందే వేలాడుతోంది, అక్కడ 75 నిజమే. అది పడుకున్న చోటు మూడడుగుల దూరంలో, చల్లటి అద్దానికి ఆనుకుని ఉంది.

పగటి సంగతి కూడా అప్పుడే బయటపడింది. ఇన్‌ఫ్రారెడ్ థర్మామీటరు గురిపెట్టి కొమ్మ పైభాగాన్ని కొలిస్తే 88. గోడ మీది గుండ్రటి థర్మామీటరు దీపానికి ఎదురుగా, జాలీకి దగ్గరగా ఉండి దీపం వేడినే చదువుతోంది. రాత్రి 58కి దిగిన ఒళ్ళు పగలు 88 దగ్గర ఆగిపోతోంది. 95కి ఎక్కడమే లేదు. దానికి తోడు తండ్రి ఆఫీసు పని ముగించుకున్నాక రాత్రి ఏడున్నరకి పురుగులు పెట్టేవారు, తొమ్మిదికి దీపం ఆర్పేవారు. తిన్నది గంటన్నరలో చలిలోకి వెళ్ళేది. కక్కక ఏం చేస్తుంది?

ఏది పనిచేసింది

మొదట ట్యాంకుని కిటికీ దగ్గర్నుంచి లోపలి గోడ వైపుకి జరిపించాను. మిగిలిన మార్పులన్నీ కలిపినా ఇంత మేలు జరిగి ఉండదేమో. గాజు వేడిని ఆపలేదు. చల్లటి అద్దం పక్కన ఎంత వేడి పోసినా బయటికే పోతుంది. తర్వాత ట్యాంకుకి వెనక, రెండు పక్కల బయటివైపు నుంచి ఫోమ్ పలకలు అతికించారు, దీపాలకి దూరంగా. జాలీ మూతలో కొంత భాగం మూశాం. గాలి ఆడాలి కాబట్టి మొత్తం మూయలేదు.

ఎమిటర్‌ని ట్యాంకు మధ్యకి తెచ్చి, ప్రోబ్‌ని అది పడుకునే గూటి నోటి దగ్గర, దాని వీపు ఎత్తులో బిగించాం. ఆ గూటిని కిటికీ మూలలో ఉన్నట్టే చెక్కతో చీకటిగా చేశాం. అది ఆ మూలకి చలి కోసం వెళ్ళలేదు, చీకటి కోసం వెళ్ళింది. వేడి ఉన్న చోటుకి ఆ చీకటిని మేమే తీసుకురావాలి.

థర్మోస్టాట్ ఈసారి 70కి పెట్టించాను. పిల్లవాడు అడిగాడు, "అంకుల్, కోల్డ్ వల్లే కదా సిక్ అయింది, మరి 80 పెడితే ఇంకా మంచిది కదా?" మంచి ప్రశ్న. రాత్రంతా 80 ఉంచితే ఒళ్ళు విశ్రాంతిలోకి దిగదు, తినకపోయినా లోపలి నిల్వలు కరుగుతూనే ఉంటాయి. బరువు తగ్గిన దానికి అది నష్టం. దానికి లేనిది పగటి వేడి. రాత్రికి 70 చాలు, పగటిని సరిచేద్దాం అన్నాను. పగటి దీపం మార్చి, కొమ్మని ఎత్తి, పైభాగం 104 వచ్చేదాకా కొలుస్తూ సర్దారు. దీపాలు, ఎండలోలాంటి అతినీలలోహిత కిరణాలిచ్చే యూవీబీ ట్యూబు టైమరు మీద ఉదయం ఏడు నుంచి సాయంత్రం ఏడు దాకా. తిండి ఉదయం తొమ్మిది తర్వాత, రెండు గంటలు ఎండ కాచుకున్నాకే. సాయంత్రం నాలుగు దాటాక ఏమీ పెట్టకూడదు.

ఒక హెచ్చరిక ఇక్కడే చెప్పాలి. ఎమిటర్ పైభాగం కొన్ని వందల డిగ్రీలకి వెళుతుంది. ప్లాస్టిక్ హోల్డరులో బిగిస్తే కరుగుతుంది. పింగాణీ హోల్డరు, బయట ఇనుప తీగల గూడు, తెరలకీ పరుపులకీ దూరం, ఇవన్నీ ఉన్నాకే స్విచ్ వేయాలి.

లాగర్ ఇప్పుడు గూట్లో 68కీ 72కీ మధ్య చూపించింది. ఐదో రోజు అది తనంతట తానే ఒక పురుగుని పట్టింది. ఫిబ్రవరి 12న 367 గ్రాములు.

కరెంటు పోయిన రాత్రి

మూడు రోజులకే ఫిబ్రవరి 15 వచ్చింది. ఆ మంచు తుపానులో అర్ధరాత్రి దాటాక టెక్సాస్‌లో చాలా చోట్ల కరెంటు తీయడం మొదలుపెట్టారు. 45 లక్షలకు పైగా ఇళ్ళు, వ్యాపార సంస్థలు చీకట్లో మిగిలాయి. 16వ తేదీ ఉదయం డాలస్ విమానాశ్రయంలో సున్నాకి రెండు డిగ్రీలు కింద, అంటే మైనస్ 19 సెల్సియస్. మా క్లినిక్‌లోనూ కరెంటు లేదు.

మేం కట్టిన ఏర్పాటంతా కరెంటు మీద ఆధారపడింది. ఆ లోపం గురించి నేను ముందే మాట్లాడి ఉండాల్సింది. తల్లి ఫోన్ చేసేసరికి ట్యాంకులో 61 ఉంది, పడుతోంది. మొదట అడిగింది, నిన్న ఎప్పుడు తిన్నదని. ఉదయం తిన్నది, పగలంతా దీపం కింద ఉంది. కాబట్టి పొట్టలో పెద్దగా మిగిలి ఉండదు. కరెంటు వచ్చేదాకా ఏమీ పెట్టొద్దన్నాను. కడుపు ఖాళీగా ఉన్న పెద్ద జంతువు కొన్ని గంటల చలిని ఓర్చుకోగలదు. నిండు కడుపుతో చల్లబడితేనే ప్రమాదం.

వాళ్ళింట్లో థర్మోకోల్ పెట్టె ఉంది, చేపలు తెచ్చుకునేది. గ్యాస్ స్టవ్ అగ్గిపుల్లతో వెలుగుతోంది. నీళ్ళు వెచ్చబెట్టి సీసాల్లో పోసి, రెండు తువ్వాళ్ళు చుట్టి పెట్టెలో ఒక పక్కన పెట్టమన్నాను. జంతువు ఇంకో పక్కన, సీసాకి తగలకుండా. మూతకి గాలి రంధ్రాలు, లోపల బ్యాటరీ థర్మామీటరు. జేబులో పెట్టుకునే చేతి వెచ్చదనం ప్యాకెట్లు వేద్దామా అన్నారు, వద్దన్నాను. అందులో ఇనుప పొడి గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి వేడెక్కుతుంది, మూసిన పెట్టెలో ఆ గాలి దానికే కావాలి. ఇల్లు వెచ్చబడటానికి స్టవ్ వెలిగించి ఉంచొద్దని, బొగ్గు కుంపటి లోపలికి తేవద్దని గట్టిగా చెప్పాను. ఆ వారం టెక్సాస్‌లో కార్బన్ మోనాక్సైడ్ అనే విషవాయువుతో మనుషులు చనిపోయారు.

మూడు నాలుగు గంటలకోసారి సీసాలు మార్చింది అమ్మమ్మగారే. పెట్టెలో ఉష్ణోగ్రత చాలావరకు 65 మీదే నిలిచింది. ఒక్కసారి గంటసేపు 59కి పడింది. 16 రాత్రి కరెంటు వచ్చింది. ఒక పూట ఊరికే వేడిలో ఉంచి, మర్నాడే తిండి పెట్టమన్నాను. బరువు 363. నాలుగు గ్రాములే తగ్గింది.

ఆ తర్వాత నేను మార్చుకున్నవి

సరీసృపం ఏది వచ్చినా ఇప్పుడు "రాత్రి ఎంత డిగ్రీలు?" అని అడగను. "తెల్లవారుజామున అది ఎక్కడ పడుకుని ఉంటుంది, అక్కడ ఎంత?" అని అడుగుతాను. ఆ సమాధానం తెలిసినవాళ్ళు ఇంట్లో ఎవరో వాళ్ళని ఫోన్లోకి పిలవమంటాను. థర్మోస్టాట్ తెర మీది అంకెని సాక్ష్యంగా తీసుకోను, ప్రోబ్ ఎక్కడుందో ఫొటో కావాలంటాను. గోడకి అతికించే గుండ్రటి థర్మామీటర్లని అసలే నమ్మను. లాగర్లు రెండు కొని క్లినిక్‌లో ఉంచాను, వారం రోజులకి అరువిస్తాను.

ఇంకొకటి, రాత్రి చలి అనగానే రాత్రినే సరిచేయబోవడం. ఈ కేసులో రాత్రి 58 కచ్చితంగా ప్రమాదమే. అయినా పగలు 104 ఉండి, పొద్దున్నే తిని ఉంటే ఆ జంతువు ఇంతగా దిగజారేది కాదని నా అభిప్రాయం. రాత్రిని మాత్రమే వేడి చేసి ఉంటే మరో నెల ఇలాగే గడిచేది. శీతాకాలం మొదలవకముందే కరెంటు పోతే ఏం చేస్తారని ప్రతి కుటుంబాన్నీ అడుగుతున్నాను. థర్మోకోల్ పెట్టె, బ్యాటరీ థర్మామీటరు, రెండు తువ్వాళ్ళు ఒక్క చోట ఉండాలి.

ఏప్రిల్‌లో 402 గ్రాములు. గాయం రెండుసార్లు కుబుసం విడిచాక మచ్చగా మిగిలింది. మలంలో నులిపురుగుల గుడ్లు ఇంకా తగ్గాయి, మందు వేయలేదు. అక్టోబరు చెకప్‌కి 409. పిల్లవాడు ఒక నోట్‌బుక్ తెచ్చి చూపించాడు. అమ్మమ్మ అప్పటికి ఊరికి వెళ్ళిపోయారు, కానీ పేజీ పైన "తెల్లవారుజాము" అని ఆవిడ చేతిరాత ఉంది. దాని కింద రోజుకో అంకె, వాడి రాతలో. ఆ రోజుది 69.